మేం లేని ఇంటి నిశ్శబ్దం

ఆ ధారావాహిక టీవీలో మళ్ళీ వేస్తున్నారని తెలిస్తే నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. నేను అద్దెకున్న ఇంటి ఆంటీ మాత్రం సంబరంగా ఫోన్ చేస్తుంది. "బాబూ, నా నీలం పట్టుచీర కనిపించింది, చూశావా?" అంటుంది. చూశాను. చీర కనిపిస్తుంది. వినిపించాల్సిన గొంతే వినిపించదు.

అప్పట్లో మెల్‌బోర్న్‌లో ఎలక్ట్రానిక్స్ మాస్టర్స్ చేస్తున్నాను. ఉండేది నగరం శివార్లలోని క్లైడ్ నార్త్‌లో, గుంటూరు వైపు నుంచి వచ్చిన ఒక క్రైస్తవ కుటుంబం ఇంట్లో. యూనివర్సిటీలో నేను పనిచేసే సౌండ్ ల్యాబ్ తరఫున షూటింగుల్లో సౌండ్ రికార్డిస్టుకు సహాయకుడిగా అప్పుడప్పుడూ పని దొరికేది. కేబుళ్ళు చుట్టడం, నటుల కాలరు కింద చిన్న మైకు అమర్చడం, బ్యాటరీలు మార్చడం, మైకు కట్టిన పొడవాటి కర్ర తలలపైన పట్టుకుని నిలబడటం.

ఆ ఏడాది ఈ ధారావాహిక షూటింగు మా ఇంటికి దగ్గర్లోనే, కొత్తగా కట్టిన ఒక ఇంట్లో పడింది. కథలో ఆంధ్ర నుంచి వచ్చిన క్రైస్తవ డాక్టరు ఆ ఇల్లు కొని, గృహ ప్రతిష్ఠ ప్రార్థన చేస్తాడు. ఆ వేషానికి ఇంగ్లండు నుంచి ఒక నటుణ్ణి రప్పించారు. చుట్టుపక్కల కూర్చునే బంధువులుగా మా ఆంటీవాళ్ళ చర్చి జనాన్ని పిలిచారు.

ఆ నటుడికి అరవై దాటి ఉంటాయి. పుట్టింది ఇంగ్లండు ఉత్తరాన ఒక మిల్లుల ఊళ్ళో. అమ్మానాన్నలది భీమవరం పక్క పల్లె. తెలుగు అమ్మతో తప్ప ఇంకెవరితోనూ మాట్లాడలేదు కాబట్టి, అమ్మ తనతో ఎలా మాట్లాడేదో అలాగే అందరితోనూ మాట్లాడేవాడు. నేను మైకు పెడుతుంటే "ఏరా, తిన్నావా?" అన్నాడు. చర్చి పాస్టరుగారినీ అదే అడిగాడు. పాస్టరుగారు ఒక్క క్షణం బిత్తరపోయి, "తిన్నానండీ" అన్నారు.

మైకు తీగ చొక్కాలోంచి లాగడానికి కాసేపు పడుతుంది. ఆ కాసేపట్లో ఆయన తన కెరీర్ అంతా చెప్పేశాడు. మొదటి వేషం టాక్సీ డ్రైవరు, కెమెరాకి వీపు మాత్రమే. తర్వాత దొంగలు కొట్టి చంపే కొట్టువాడు. ఆ తర్వాత ఇంకో కొట్టువాడు, వాణ్ణీ చంపేశారు. జుట్టు నెరిశాక డాక్టరు.

"అబ్బాయ్, నేను చెప్పినన్ని చావు కబుర్లు నిజం డాక్టరు కూడా చెప్పి ఉండడు రా."

"మరి వేషాల్లో ఈ ఇండియన్ యాస ఎక్కడిది అంకుల్? మీరు మామూలుగా ఇంగ్లీషు మాట్లాడితే అచ్చం అక్కడి వాళ్ళలాగే ఉంటుంది కదా."

"ఫస్ట్ ఆడిషన్‌లో 'ఇంకొంచెం ఇండియన్‌గా' అన్నారు. మా నాన్న మాట్లాడినట్టు మాట్లాడా. వెంటనే తీసుకున్నారు. నాన్న యాస అమ్ముకుని ఇల్లు కొన్నా రా."

నవ్వుతూనే చెప్పాడు. నాకు నవ్వు రాలేదు.

ఈ వేషం ఒప్పుకోవడానికి కారణం ఒక్కటేనన్నాడు. స్క్రిప్టులో ప్రార్థన తెలుగులో ఉంది. ఆయనే అడిగి పెట్టించుకున్నాడు. వాళ్ళమ్మకు చివరిదాకా ఇంగ్లీషు అంతంతమాత్రమే. కొడుకు కనిపించిన ప్రతి కార్యక్రమమూ చూసి, "ఒక్కసారి నాకర్థమయ్యేట్టు మాట్లాడరా" అనేదట. ఆవిడ పోయింది. మొదటి సొంత ఇంట్లో దిగిన రోజు ఆవిడ చేసిన ప్రార్థననే ఇక్కడ చెప్పబోతున్నాడు. ఇన్నేళ్ళ నటనలో ఆయన కోసం ఆయన అడిగింది అదొక్కటే.

హాల్లోకి వెళ్ళి చూస్తే గుమ్మానికి మామిడాకులు, మూలల్లో ఇత్తడి దీపాలు, గోడ నిండా బంతిపూల దండలు, వాటి మధ్య ఒక సిలువ. మా ఇంటి అంకుల్ చుట్టూ చూసి, "ఇదేంటి బాబూ, ప్రార్థనకని పిలిచి పెళ్ళి మండపంలో కూర్చోబెట్టారు?" అన్నారు. అలంకరణ చూసే అమ్మాయికి వెళ్ళి చెప్పాను. రంగు కావాలంది. తెల్ల గోడల ముందు ఇంతమంది తెల్లబట్టల్లో ఉంటే కెమెరాకి పనికిరాదట. ఒక్క దండ కూడా తీయలేదు.

మొదటి టేకు మొదలైంది. ఆయన కళ్ళు మూసుకున్నాడు.

"తండ్రీ, ఈ గడప మాకిచ్చావు. ఆకలితో వచ్చినోణ్ణి ఈ గడప దాటించి అన్నం పెట్టే బుద్ధి కూడా ఇయ్యి..."

"స్తోత్రం!" అంది మా ఆంటీ.

"ఆమెన్, తండ్రీ!" అన్నారు వెనక వరసలో.

డైరెక్టరు కట్ చెప్పాడు. అసిస్టెంట్ డైరెక్టరు వచ్చి, ముఖ్య నటుడు మాట్లాడుతుంటే మిగిలినవాళ్ళు శబ్దం చేయకూడదని, మాటలు ఒకదాని మీద ఒకటి పడితే తర్వాత అతకడం కుదరదని ఓపిగ్గానే చెప్పింది. అందరూ బుద్ధిగా తలూపారు. రెండో టేకులో మళ్ళీ అదే. మూడోసారి ఆంటీ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. కొంగులోంచి కూడా ఆమెన్ వినిపించింది.

"నన్నేం చేయమంటావు బాబూ? ఎదురుగా మనిషి ప్రార్థన చేస్తుంటే నోరు మూసుకుని కూర్చుంటామా? అది నాటకం అవుద్ది."

"నాటకమే ఆంటీ ఇది."

"ఆయన చేసేది నాటకం కాదులే" అంది.

ఆవిడ చెప్పింది అక్షరాలా నిజం. పైగా అదేమీ పరిష్కారం లేని సమస్య కాదు. కాలరు మైకు ఆయన గొంతుకు దగ్గరగా ఉంది, ఆమెన్‌లు అందులో పడేది కొద్దిగానే. ప్రార్థన మొత్తాన్ని ఒకే షాట్‌లో తీస్తే అతికే పనే ఉండదు. అదీ వద్దంటే ఆమెన్‌లు విడిగా రికార్డు చేసి తర్వాత కలుపుకోవచ్చు. ఇవన్నీ మా రికార్డిస్టుకు చెప్పాను. అతను వెళ్ళి డైరెక్టరుకు చెప్పాడు. డైరెక్టరు గడియారం చూసుకుని, ప్రార్థన ఇంగ్లీషులో కానిచ్చేద్దాం, ఇంగ్లీషులో అయితే వీళ్ళు అడ్డురారు, పైగా చూసేవాళ్ళకు అర్థమవుతుంది అన్నాడు. వెళ్ళబోతూ వెనక్కి తిరిగి, యాస మాత్రం కొంచెం ఇండియన్‌గా అన్నాడు.

ఆ నటుడు చిరునవ్వుతో తలూపాడు. ఆ తలూపడమే నన్ను ఎక్కువ మండించింది. వంటగదిలో బ్యాటరీ మారుస్తూ అడిగేశాను.

"ఎందుకొప్పుకున్నారు అంకుల్?"

"కొత్తా ఏంటి రా?"

"మీరు కాదంటే వాళ్ళేం చేస్తారు? సగం సీజన్ షూటింగు అయిపోయింది. ఇప్పుడు మిమ్మల్ని మార్చలేరు."

"నువ్వు ఇంజినీరువి, లెక్క కరెక్టే. ఈ షోలోంచి తీసెయ్యరు. నెక్స్ట్ షోకి పిలవరు."

"ఇన్నేళ్ళూ పిలిచారుగా. ఏం మాట్లాడనిచ్చారు?"

నా గొంతు పెద్దదైందని అప్పుడు తెలిసింది. ఆయన గుండీలు పెట్టుకుంటూ నా వైపు చూడలేదు. "బ్యాటరీ పెట్టు" అన్నాడు.

ఇంగ్లీషు ప్రార్థన ఒక్క టేకులో అయిపోయింది. వాళ్ళ నాన్న యాస, తడబాటు లేకుండా. మా వాళ్ళు కళ్ళు తెరుచుకుని, టీవీ చూస్తున్నట్టు ఆయన్ని చూస్తూ కూర్చున్నారు. ఎవరి నోటా ఆమెన్ రాలేదు. డైరెక్టరు వచ్చి ఆయన్ని కౌగలించుకున్నాడు.

ఇక మిగిలింది రూమ్ టోన్. ఒక చోట షూటింగు అయ్యాక, అక్కడున్న వాళ్ళందరినీ కదలకుండా ఉండమని ఆ గది నిశ్శబ్దాన్ని కాసేపు రికార్డు చేస్తారు. మాటల మధ్య ఖాళీల్లో దాన్ని నింపుతారు. గదికో నిశ్శబ్దం ఉంటుంది. మనుషులున్న గదిది ఒకటి, లేని గదిది ఇంకొకటి. మనుషుల ఒళ్ళు, బట్టలు శబ్దాన్ని పీల్చుకుంటాయి.

నేను మైకు కర్ర ఎత్తాను. రికార్డిస్టు వేలు చూపించాడు. ఫ్రిజ్ ఆపేశారు. ఎక్కడివాళ్ళక్కడ బొమ్మల్లా నిలబడ్డారు.

"తండ్రీ, ఈ గడప మాకిచ్చావు..."

ఆయనే. కళ్ళు మూసుకుని. ఆంటీ వెంటనే కొంగు తల మీదికి లాక్కుని, "స్తోత్రం" అంది.

కట్ అన్నారు. పొరపాటనుకుని మళ్ళీ రికార్డింగు మొదలుపెట్టారు. ఆయనా మళ్ళీ మొదలుపెట్టాడు. డైరెక్టరు ఎర్రబడిన ముఖంతో ఏమైందని అడిగాడు. అప్పుడు ఆయన తన సొంత ఇంగ్లీషులో, ఆ మిల్లుల ఊరి ఇంగ్లీషులో జవాబిచ్చాడు. షూటింగులో నేను తప్ప ఎవరూ అప్పటిదాకా ఆ గొంతు విన్నట్టు లేదు. "నేను చెప్పాలనుకున్నది వద్దన్నావు, సరేనన్నాను. ఇప్పుడు ఊరుకోమంటున్నావు. ఊరుకోను."

ఎవరూ అరవలేదు. మమ్మల్నందరినీ బయటికి వెళ్ళమన్నారు. రికార్డిస్టు నన్ను ఉండమన్నాడు. కర్రను స్టాండుకు బిగించి నేనూ బయటికి నడిచాను. ఆ తర్వాత అతను నన్నెప్పుడూ పనికి పిలవలేదు.

ఇంకా గడ్డి పరవని ఇంటి ముందు మట్టిలో నిలబడి ఆయన ప్రార్థన పూర్తి చేశాడు. మా వాళ్ళు గొంతెత్తి ఆమెన్ అన్నారు. ఎదురింటి కుక్క మొరిగింది. ఎక్కడా మైకు లేదు.

తర్వాతి సీజన్‌లో డాక్టరు ఇంగ్లండు వెళ్ళిపోయాడని ఎవరో ఒక్క ముక్క అంటారు, అంతే. ప్రార్థన సన్నివేశం మాత్రం ఉంది. ఇంగ్లీషులో, బంతిపూల మధ్య. నేను హెడ్‌ఫోన్లు పెట్టుకుని విన్నాను. ఆయన వాక్యానికీ వాక్యానికీ మధ్య వినిపించేది నిండుగా జనమున్న గది కాదు. మమ్మల్ని వీధిలో నిలబెట్టి తలుపు మూసి తీసుకున్న ఖాళీ ఇంటి నిశ్శబ్దం. తెర మీద అంతమంది కూర్చుని ఉన్నాం. ఒక్కరి ఊపిరి కూడా అందులో లేదు.