ఉపగ్రహానికి బొంత

మేము కాలేజీలో ఉన్న ఆ రోజుల్లో నంద్యాల మీదున్న ఆకాశం మొత్తం నాదేనని నాకొక గట్టి నమ్మకం ఉండేది. ఎవరూ రాసివ్వలేదు, నేనే తీసుకున్నాను. చిన్నప్పుడు దీపావళికి నేను వెలిగించిన రాకెట్టు పైకి పోకుండా అడ్డంగా పోయి పక్కింటివాళ్ల గడ్డివామిలో దూరినప్పటి నుంచి వీధిలో అందరూ నన్ను ‘రాకెట్టు’ అనే పిలిచేవాళ్లు. (వాళ్లు తిట్టుగానే మొదలుపెట్టారు, నేను బిరుదుగా పుచ్చుకున్నాను.) టీవీలో రాకెట్ ప్రయోగం వస్తే కాలేజీ క్యాంటీన్‌లో ముందు కుర్చీ నాది, పక్కవాళ్లు అడగకపోయినా వివరించే పనీ నాదే. నా కోరిక కూడా అందరికీ తెలుసు. ఉపగ్రహాన్ని పైకి పంపే ముందు ఒక పెద్ద మిషన్ మీద బిగించి, ప్రయోగంలో వచ్చే కుదుపులకు తట్టుకుంటుందో లేదో గడగడా వణికించి చూస్తారు. ఆ మిషన్ మీట నా చేతిలో ఉండాలి. అంతకు మించి దేవుణ్ణి నేనేమీ అడగలేదు.

ఈ ఏర్పాటంతా సవ్యంగా సాగుతుండగా మా క్లాసులో ‘ఆళ్లగడ్డ’ చేరింది. ఆమెకు పేరు లేక కాదు, ఊరిపేరుతో పిలవడం మాకు అలవాటు. వాళ్ల నాయనకు ఆళ్లగడ్డలో దూది ఏకి పరుపులు, బొంతలు కుట్టే దుకాణం ఉంది. ఈమె నంద్యాలలో హాస్టల్లో ఉంటూ చదివేది. మార్కులు నాకంటే ఎప్పుడూ కొంచెం ఎక్కువ. చాలా ఎక్కువైతే నమస్కారం పెట్టి ఊరుకునేవాణ్ణి. ఆ కొంచెంతోనే నాకు కడుపు మండిపోయేది.

ఆఖరి సంవత్సరంలో బెంగళూరు నుంచి ఉపగ్రహాల భాగాలు తయారుచేసే ఒక కంపెనీ మేడం మా కాలేజీకి వచ్చారు. తళతళలాడే పొరల ముక్క ఒకటి చూపించి, ఉపగ్రహానికి ఇట్లాంటి దుప్పటి కప్పుతామని, ఎండ వైపు మాడిపోకుండా, నీడ వైపు గడ్డకట్టకుండా అదే కాపాడుతుందని, దాన్ని చేత్తోనే కుట్టాలని చెప్పారు. “మా రంగంలో ఆడపిల్లలూ, చిన్న ఊళ్ల పిల్లలూ తక్కువ. మీరు రావాలి. ఏ గదిలో ఎవరు తక్కువగా ఉంటే వాళ్లకు ముందు అవకాశం ఇస్తున్నాం,” అన్నారు. (ఆ చివరి మాట నేను సరిగా వినలేదు. వినుంటే ఈ కథ లేదు.) ఆళ్లగడ్డ లేచి నిలబడింది. “మేడం, ఇది మా నాయన కుట్టే బొంత మాదిరే ఉండాది,” అంది. క్లాసంతా ఘొల్లుమంది. మేడం మాత్రం నవ్వలేదు. “అయితే నువ్వు పరీక్షకు తప్పకుండా రావాలి,” అన్నారు. నావైపు కూడా చూస్తారేమోనని వెన్ను నిటారుగా పెట్టి కూర్చున్నాను. చూడలేదు.

“ఆడపిల్ల, అందులో సాయిబుల పిల్ల, ఆపైన ఆళ్లగడ్డ. ఉద్యోగం ఆయమ్మకే పోతాది లేప్పా,” అన్నాడు పక్కనున్న స్నేహితుడు, క్యాంటీన్‌లో నా టీ కూడా తనే తాగుతూ. “ఇంక మనట్లాంటోళ్లు యాడికి పోవాల?” అన్నాను నేను. (మనట్లాంటోళ్లు అంటే తాతల నాటి పొలాలూ, చదువుకోవడానికి విడిగా ఒక గదీ, పరీక్షల ముందు పాలలో బాదంపప్పు కలిపిచ్చే నాయనమ్మా ఉన్న నిర్భాగ్యులం.) అసూయ అంటే గుండెలో ఉంటుందని రాస్తారు. నాకు అన్నం సయించేది కాదు కాబట్టి అది పొట్టలోనే ఉంటుందని నా అనుభవం. ఆమె పరీక్షలో నెగ్గేది కుట్టుతోనే కాబట్టి ఆ కుట్టు నేనూ నేర్చుకుని ఆమెను ఓడించాలని తీర్మానించాను. నేర్పేవాళ్లు ఎవరని ఆలోచిస్తే, ఆ చుట్టుపక్కల అంతటి పనివాడు ఒక్కడే కనిపించాడు. వాళ్ల నాయన.

ఆ పిల్ల నంద్యాల హాస్టల్లో ఉండే రోజులు చూసుకుని, శిరివెళ్ల మీదుగా పోయే పల్లెవెలుగు బస్సెక్కి వాళ్ల ఊరికి వెళ్లాను. దారి పొడుగునా రాతి శిల్పాలు చెక్కేవాళ్ల ఉలి చప్పుడు, దాని తర్వాత ఒక చిన్న దుకాణం, లోపల దూదిలో నడుం దాకా మునిగిన పెద్దమనిషి. కాలేజీ ప్రాజెక్టు అని అబద్ధం చెప్పాను. “ప్రాజెక్టో గీజెక్టో, కూచో అబ్బీ. పని నేర్చుకుంటానని ఇంతవరకు ఎవురూ రాల్యా,” అని చాప వేశాడు. ఆయన్ని నేను పరుపుల మామ అనేవాణ్ణి. ఆయన దగ్గర ఒక పద్ధతి ఉండేది. మొదటి కుట్టు వేసే ముందు “బిస్మిల్లా” అని దేవుడి పేరు తలుచుకుని, అప్పుడే సూది దించేవాడు. నేను అనకుండా దించాను. సూది తిన్నగా బొటనవేల్లోకి పోయింది. “చూసినావా? చెప్పకుండా దిగితే అది మాట వినదు,” అన్నాడు మామ నా వేలికి దూది చుడుతూ. ఆ దెబ్బతో నేనూ అనడం మొదలుపెట్టాను. కొన్నాళ్లకు సూది చేతికి రాగానే మాట దానంతటదే నోటికి వచ్చేది.

ఇంట్లో గది తలుపులు వేసుకుని పాత లుంగీల మీద సాధన చేస్తుంటే మా జేజి (నాయనను కన్న తల్లి) పట్టేసింది. తిడుతుందనుకున్నాను. లోపలికి పోయి తన పాత చీరలన్నీ తెచ్చి నా ముందు పడేసింది. “నాకొక బొంత కుట్టు నాయనా, చలికి మోకాళ్లు పీకుతాండాయి,” అంది. కుట్టాను. ఆమె దాన్ని కప్పుకుని అరుగు మీద కూర్చుంది. ఇక వీధిలో ఆడవాళ్లంతా చీరల మూటలతో మా గడప తొక్కడం మొదలైంది. మా నాయన పొలం నుంచి వచ్చి ఆ గుంపు చూసి, “ఏందీ ఇది? ఇంజినీరు చదవమంటే ఇంట్లో బొంతల అంగడి పెట్నావా?” అని కేకలు వేశాడు. “అరవాకు, సాయంత్రం లోపల పిల్లోడు నా రెండో బొంతకు అంచు కుట్టాల,” అని జేజి ఆయన నోరు మూయించింది.

పరీక్ష బెంగళూరులో. తెల్లటి గది, తెల్లటి గౌన్లు, ముఖాలకు ముసుగులు, దుమ్ము రేణువు కూడా లోపలికి రాకూడదు. గౌన్లన్నీ మగవాళ్ల కొలతలకే కుట్టించినవి. ఆళ్లగడ్డ అందులో మునిగిపోయి, చేతులు మడిచి మడిచి పెట్టుకుని, నేల ఊడుస్తూ వచ్చింది. “మా కొలతలకు కుట్టించమని అడుగుతూనే ఉన్నా,” అని మేడం నిట్టూర్చారు. నాకేమో గౌను సరిగ్గా అతికినట్టు సరిపోయి, కొంచెం గర్వం కూడా వచ్చింది. అందరికీ మెరిసే పొరలు ఇచ్చారు. గదిలో గాలి మిషన్ హోరు తప్ప చప్పుడు లేదు. నేను దారం ఎక్కించి, పొర మీద సూది పెట్టి, నిండు గొంతుతో “బిస్మిల్లా” అన్నాను.

గదంతా నావైపు తిరిగింది. ఆళ్లగడ్డ సూది గాల్లోనే ఆగిపోయింది. ముసుగు పైన ఆమె కళ్లు ముందు పెద్దవయ్యాయి, తర్వాత చిన్నవయ్యాయి. “మా నాయన కాడికి పోయినావా?” అంది మెల్లగా. ముసుగును తయారుచేసినవాడి తల్లిదండ్రులకు నేను ఆ క్షణంలో పెట్టినన్ని దండాలు ఎవరూ పెట్టి ఉండరు. ఆమె తల వంచుకుని కుట్టుకుంటోంది కానీ, ఆ పెద్ద గౌను లోపల భుజాలు కదులుతూనే ఉన్నాయి. నవ్వుతోందని తెలుస్తూనే ఉంది.

తర్వాత ఒక్కొక్కరినీ పిలిచి, ఏ గదిలో పని కావాలని అడిగారు. నా నాలుక చివర వణికించే మిషన్ ఉంది. కానీ ఆమె ఎటూ కుట్టు గదే అడుగుతుంది, దాన్ని ఆమెకు దక్కనివ్వకూడదు. “కుట్టు గది,” అన్నాను. అడిగినవాళ్లు సంతోషంగా ముఖాలు చూసుకున్నారు. సాయంత్రానికి ఇద్దరికీ ఉద్యోగం వచ్చిందని చెప్పారు. బయట గేటు దగ్గర ఆళ్లగడ్డను ఆపి, జాలి నటిస్తూ, “కుట్టు గది నాకొచ్చిందప్పా. నీకు యాడ ఇచ్చినారు?” అన్నాను.

“వణికించే మిషన్ కాడ,” అంది.

జాలి నటించడం మరిచిపోయాను. “నువ్వు కుట్టు అడగల్యా?”

“సూది పని నాకెందుకు? చిన్నప్పట్నుంచి చేస్తాండేదే. ఆడ ఇంతవరకు ఆడపిల్లలే లేరంట, నేను మార్కులు చూపిచ్చి అడిగినా, ఇచ్చినారు.” సంచి భుజానికి తగిలించుకుంటూ, “కుట్టు గదిలో మగోళ్లు లేరంట కదా. నిన్ను అందుకే ముందు తీసుకున్యారంట. మేడం చెప్పింది,” అంది. ఆమెకు ఆడపిల్లనని ఇస్తారని నెలల తరబడి కుళ్లిన నాకు, మగపిల్లాడినని ఇచ్చారన్నమాట. రైల్లో నంద్యాల వచ్చేదాకా కిటికీలోంచి బయటికి చూస్తూనే ఉన్నాను, ఏమీ కనపడలేదు.

ఏళ్లు గడిచాయి. కుట్టు గదిలో అక్కలందరికీ నేను ‘తమ్ముడు’ని. మేడం పోరు ఫలించి మా గదికి ఆడవాళ్ల కొలతల గౌన్లు వచ్చాయి కాబట్టి నా చేతులు మోచేతుల దగ్గరే బయటికొస్తాయి. ఆళ్లగడ్డ తన కొలతకు కుట్టిన గౌన్లో వచ్చి మేము పూర్తిచేసింది తీసుకుపోతుంది. “గట్టిగా కుట్టినావా అప్పా? వణికిస్తాండా,” అంటుంది. అద్దం అవతల నుంచి ఆమె మీట నొక్కుతుంటే చూస్తాను. ఇప్పటికీ నాకు కుళ్లే, దాచుకోను.

మొన్న మాత్రం ఆమె వెంటనే పోలేదు. తలుపు దగ్గర నిలబడి, “మొన్న ఇంటికి పోయింటి. మా నాయన నన్ను ‘తిన్నావామ్మా’ అని మాత్రం అడిగినాడు. తర్వాత అంతా నీ ముచ్చటే. అబ్బి కుట్టు నిలబడిందా, అంచు ఎట్ల తిప్పినాడు, ఇంకా బిస్మిల్లా అంటాండాడా అని. నా మిషన్ గురించి ఒక్క మాట అడగల్యా,” అంది. తలుపు తోస్తూ, “నిన్ను చూస్తే కుళ్లు నాకు,” అని విసురుగా వెళ్లిపోయింది.

ఆ నంద్యాల ‘రాకెట్టు’ పిల్లాడే అయితే ఆ మాటకు వీధంతా టపాసులు కాల్చేవాడు, ఇంకో గడ్డివామి అంటించినా అంటించేవాడు. నేను మాత్రం ఆదివారం ఆళ్లగడ్డకు పోయి ఆ మిషన్ సంగతంతా మామకు విడమరిచి చెప్పాలని అనుకున్నాను. తర్వాత సూదిలో దారం ఎక్కించుకుని, అలవాటు చొప్పున ఆ మాట అనుకుని, మొదటి కుట్టు వేశాను.