చాలన్నా వడ్డించే ఇంగ్లీషు

నేను రాజమండ్రిలో ఒక ఇంజినీరింగ్ కాలేజీలో ఇంగ్లీషు చెబుతాను. చెబుతాను అనడం కంటే కొట్టేస్తాను అనడం నిజం. పిల్లలు రాసుకొచ్చిన దాంట్లో అక్కర్లేని మాటలన్నీ ఎర్ర పెన్నుతో కొట్టేసి, మిగిలినదే ఇంగ్లీషు అంటాను. సెలవు కావాలంటే మొదటి వాక్యంలోనే సెలవు కావాలని అడగండి, వినయవిధేయతలతో మూడు వాక్యాలు సాష్టాంగపడకండి అని ఏటా కొత్త బ్యాచ్ మీద కేకలేస్తాను. ఇంగ్లీషు వచనానికి పొదుపే అందమని నా నమ్మకం. ఇలాంటి నమ్మకం పెట్టుకున్నదాన్ని కోనసీమ వాళ్ళింటికి కోడలిగా పంపడం మా నాన్న చేసిన తప్పు.

మా పుట్టిల్లు కోరుకొండ వైపు. మెట్ట మనుషులం. మా దగ్గర చాలంటే చాలే. అత్తవారి వైపు అలా కాదు. అక్కడ విస్తరి ముందు కూర్చుని "చాలు" అనడం, వడ్డించేవాళ్ళతో మాట కలపడానికి ఒక పద్ధతి. పెళ్ళయిన కొత్తలో పప్పు చాలండీ అన్నాను, ఇంకో గరిటె వేశారు. నిజంగా చాలండీ అన్నాను, నెయ్యి పోశారు. కడుపులో చోటు లేదండీ అన్నాను, పాపం మొహమాటపడుతోంది అంటూ ముద్దపప్పు గిన్నె మొత్తం నా పక్కన పెట్టారు. నిజంగా వద్దనుకున్నవాళ్ళు వంగి రెండు చేతులూ విస్తరి మీద అడ్డం పెట్టాలట. ఈ సంగతి నాకు ఎవరూ చెప్పలేదు. చెప్పినా ఉపయోగం లేదు, వేళ్ళ సందుల్లోంచి బూరె జారవిడిచే నేర్పు మా అత్తయ్యగారికి ఉంది.

వాళ్ళ బంధువుల పెళ్ళిలో ఒక పెద్దాయన పులిహోర చాలన్నారట. వడ్డించే కుర్రాడు ఊరికి కొత్త. నిజమే అనుకుని పక్క విస్తరికి వెళ్ళిపోయాడు. ఆ పెద్దాయన ఆ ఇంటి గడప మళ్ళీ తొక్కలేదు. "చాలంటే నిజంగానే ఆపేశారమ్మా" అని అత్తయ్యగారు ఈనాటికీ గుండెల మీద చెయ్యి వేసుకుని చెబుతారు.

మావయ్యగారు కోనసీమలో ఒక హైస్కూల్లో ఇంగ్లీషు మాస్టారుగా చేసి రిటైరయ్యారు. ఇప్పుడు మా దగ్గరే, రాజమండ్రిలో ఉంటున్నారు. ఆయన ఒక వ్యాసం రాశారు. ఇంగ్లీషులో. విషయం ఏంటంటే, పంక్తిలో వడ్డన. ఎవరికి ఎప్పుడు ఏది ఎలా కొసరాలి, అతిథి కాదన్నప్పుడు ఏ మాటలతో ఒప్పించాలి అన్నది. వ్యాసం కూడా అలాగే ఉంది. ఒక్కో వాక్యం వంటింట్లో బయల్దేరి, పంక్తి మొత్తం తిరిగి, ప్రతి పేరు ముందూ రెండు విశేషణాలు వడ్డించి, పెరుగు దగ్గరికి వచ్చాక గాని అసలు సంగతి చెప్పదు.

"ఎలా ఉందమ్మా?" అన్నారు.

నేను నోటితో చెప్పలేక పెన్ను తీశాను. రెండు రోజులు కూర్చుని మూడో వంతుకు తెచ్చాను. బాగా వచ్చిందనిపించింది. ఆయన కళ్ళజోడు పెట్టుకుని నిదానంగా చదివి, కాగితాలు ఒళ్ళో పెట్టుకున్నారు.

"ఏంటమ్మా, ఇలా పస్తు పెట్టేశావు?" అన్నారు.

"ఇంగ్లీషువాళ్ళు ఇలాగే రాస్తారండీ, మావయ్యగారూ."

"అదే నాకు తెలియాలి" అన్నారాయన. అప్పుడు బయటపడింది అసలు విషయం. లండన్ దగ్గర ఎక్కడో ఒకాయన నడిపే చిన్న పత్రికకు ఆ వ్యాసం పంపాలట. ఇన్నేళ్ళలో ఎప్పుడూ లేని ఈ కోరిక ఎందుకండీ అని అడిగాను.

"నా జీవితమంతా ఇంగ్లీషు చెప్పానమ్మా. నా ఇంగ్లీషు ఒక్క ఇంగ్లీషువాడు కూడా చదవలేదు. మా హెడ్మాస్టారుది అమలాపురం. ఇన్‌స్పెక్షన్‌కి వచ్చినాయనది ద్రాక్షారామం. నాకు చెప్పిన మాస్టారుది మా పక్క వీధి. మేమందరం ఒకళ్ళనొకళ్ళం బాగుందనుకున్నాం. నేను అంతమంది పిల్లలకి నేర్పింది ఇంగ్లీషేనా, ఇంగ్లీషులాంటిది ఇంకేదైనానా? ఇది ఎవరు చెప్పాలి?"

"నేను చెబుతానండీ, ఇంగ్లీషేనండీ."

"నువ్వు నేర్చుకున్నది కోరుకొండలో కదమ్మా" అన్నారు, ఎంతో ఆప్యాయంగా.

నాకు ఒళ్ళు మండింది. అయినా ఆయన మొహం చూసి పెన్నుకు మూత పెట్టేశాను. జీవితమంతా చేసిన పనికి ఒక్క సాక్షి కావాలని అడుగుతున్నారు, అంతే. నేను కొట్టేసినవన్నీ మళ్ళీ చేర్చి, అదనంగా ఇంకో రెండు పేరాలు కొసరి, నా లాప్‌టాప్‌లోంచే మెయిల్ పంపించారు.

జవాబు వచ్చింది. మీ రచన చదివే అవకాశం ఇచ్చినందుకు కృతజ్ఞతలు, ఎంతో ఇష్టంగా చదివాం, అయితే ప్రస్తుతానికి ఇది మా పత్రికకు సరిగ్గా అమరదు, మరోచోట మీకు శుభం కలగాలి. అచ్చు పోసిన మాటలు. ఇలాంటివి అందరికీ ఒకటే పంపుతారని నాకు తెలుసు. ఎలా చెప్పాలా అని నేను ఆలోచిస్తుండగానే ఆయన అత్తయ్యగారిని కేకేశారు.

"ఇదిగో, నచ్చిందట!"

"మావయ్యగారూ, అది కాదనడమండీ" అన్నాను.

"కాదనేవాడు కృతజ్ఞతలు ఎందుకు చెబుతాడమ్మా? ఇష్టంగా చదివాను అంటున్నాడు. శుభం కలగాలి అంటున్నాడు. ప్రస్తుతానికి అంటున్నాడు. ఇది మొహమాటం. మొదటిసారి అడిగితే పుచ్చుకుంటారా ఎవరైనా?"

"మొదటి పిలుపుకే వచ్చి కూర్చునేవాళ్ళు మర్యాదస్తులు కాదు" అని అత్తయ్యగారు తీర్పు చెప్పి, ఆ సాయంత్రం బొబ్బట్లు చేశారు. నేను కాదంటే నాకూ రెండు వేశారు.

మర్నాడు పొద్దున్నే ఆయన అదే వ్యాసం మళ్ళీ పంపారు. 'ప్రస్తుతం' నిన్నటితో అయిపోయింది కదా అన్నారు. వ్యాసం పైన ఒక ఉత్తరం కూడా పెట్టారు. మీరు మొహమాటపడుతున్నారని గ్రహించాను, నా దగ్గర అలాంటివేమీ పెట్టుకోవద్దు, మీ ఇంట్లో అందరూ కులాసాయేనా, మీ వైపు వానలు ఎలా ఉన్నాయి అని. ఇంగ్లీషులో చదువుతుంటే నాకు చెమటలు పట్టాయి. కొట్టేద్దామంటే ఏ మాట కొట్టాలి? అంతా కొట్టాల్సిందే.

జవాబు వచ్చింది. అక్షరం పొల్లు పోకుండా మొదటి జవాబే. నేను విజయగర్వంతో రెండూ పక్కపక్కన పెట్టి చూపించాను. చూడండి, ఇది యంత్రం చెప్పినట్టు చెప్పే మాట, మీ ఉత్తరం ఆయన చదవనే లేదు అన్నాను. మావయ్యగారు రెండూ పోల్చి చూసి, మెచ్చుకోలుగా తల ఊపారు.

"మాట మీద నిలబడే మనిషమ్మా. ఇలాంటివాళ్ళని ఒప్పిస్తేనే మజా."

మావారికి చెబితే "ఆయన జోలికి నువ్వెందుకు వెళ్తావు?" అని పేపరు అడ్డం పెట్టుకున్నారు. ఆ ఇంట్లో పుట్టినవాడు అంతకంటే ఏమంటాడు? నేను క్లాసులో మాత్రం ఆ వారమంతా ఉగ్రరూపం దాల్చాను. కాదనాలంటే కాదు అని రాయండి, బెల్లం పూసి రాస్తే ఎక్కడో ఒక పెద్దాయన దాన్ని నిజంగానే తింటాడు అన్నాను. పిల్లలు అది కూడా నోట్స్‌లో రాసుకున్నారు.

మూడోసారి పంపబోతుంటే అత్తయ్యగారు అడ్డుపడ్డారు. "ఉత్త చేతుల్తో ఎన్నిసార్లు అడుగుతారండీ? ఆయనేమనుకుంటాడు?" అన్నారు. అది ఇద్దరికీ సబబుగా తోచింది. పొద్దున్నే కారు కట్టించుకుని ఆత్రేయపురం వెళ్ళి, తెలిసినవాళ్ళ దగ్గర దగ్గరుండి చుట్టించి, పంచదార పూతరేకులు ఒక పెద్ద డబ్బా తెచ్చారు. నెయ్యి దండిగా వేయించారట. కొరియర్ వాడికి మావయ్యగారు పూతరేకులు అంటే ఏంటో, ఎలా పట్టుకోవాలో గంటసేపు చెప్పారు. డబ్బాలో ఒక చీటీ పెట్టారు: ఇవి ఎంతో అల్పమైనవి, తమరు కాదనకూడదు.

ఆ తర్వాత చాలా రోజులు ఏమీ రాలేదు. మావయ్యగారు రోజూ నేను కాలేజీ నుంచి రాగానే లాప్‌టాప్ వైపు చూసేవారు, నోరు తెరిచి అడిగేవారు కాదు. అత్తయ్యగారు మాత్రం "అరిగిందో లేదో" అని దిగులుపడ్డారు. నాకు కోపం పోయి భయం పట్టుకుంది. ఈసారి ఏం రాస్తాడో. మళ్ళీ ఆ అచ్చు మాటలే వస్తే ఈయన నాలుగోసారి పంపుతారు, ఐదోసారి పంపుతారు, చివరికి ఒకరోజు అది యంత్రం మాటేనని ఈయనకే అర్థమవుతుంది. ఆ రోజు నేను ఇంట్లో ఉండకూడదనుకున్నాను.

జవాబు ఒక ఆదివారం భోజనాల వేళకు వచ్చింది. చదవమ్మా అన్నారు. గొంతు సవరించుకుని చదివాను. తెలుగులో చెప్పాలంటే ఇది:

"అయ్యా, మీ పార్సెల్ అందింది. అదే వ్యాసాన్ని ఈసారి పల్చటి కాగితం మీద రాసి చుట్టి పంపారనుకున్నాను. విప్పి చదవబోయాను. నా బల్ల నిండా పంచదార పడింది. పక్కనే ఉన్న ఎవరిదో కవితకు నెయ్యి అంటింది. దాన్ని ఇంక తిరిగి పంపలేను, వేసుకోవాల్సిందే. మీరు పంపినవి మొత్తం తినేశాను. మీ ఇంగ్లీషు మంచి ఇంగ్లీషు. వ్యాసం వెయ్యను. దయచేసి మళ్ళీ పంపకండి."

పొట్టి పొట్టి వాక్యాలు. ఎన్నో ఏళ్ళుగా ఏ విద్యార్థీ రాసివ్వని ఇంగ్లీషు. నా ఎర్ర పెన్నుకు అందులో పని లేదు. అలాంటి వచనం మా ఇంటికి వచ్చిన రోజున దాన్ని మెచ్చుకోవడానికి నాకు నోరు రాలేదు. మావయ్యగారి వైపు చూడలేక తెర వంకే చూస్తూ కూర్చున్నాను.

"రెండు చేతులూ అడ్డం పెట్టేశాడు" అన్నారాయన నెమ్మదిగా. "ఇంక పెట్టకూడదు."

అత్తయ్యగారు మజ్జిగ గిన్నె కింద పెట్టేశారు.

"పోనీలే, ఎవరో పిల్లాడి కవితకి మేలు జరిగింది" అన్నారు అత్తయ్యగారు.

"అమ్మాయ్, ఆ చివర్లో ఉన్నది మళ్ళీ చదువు. వెయ్యను అన్న దానికి ముందుది" అన్నారు మావయ్యగారు.

చదివాను. ఇంకోసారి చదవమన్నారు. చదివాను. ఆయన పెదాలు కదుపుతూ నాతో పాటు పలికారు. తర్వాత లేచి చెయ్యి కడుక్కుని వచ్చి, దాన్ని ప్రింటు తీసిపెట్టగలవా అని, ఏదో అప్పు అడుగుతున్నట్టు మొహమాటంగా అడిగారు.

దాన్ని బంగారు రంగు ఫ్రేములో కట్టించి, హాల్లో సత్యనారాయణస్వామి పటానికీ మా పెళ్ళి ఫొటోకీ మధ్య వేలాడదీశారు. ఆ వారంలోనే దగ్గరి బంధువులను భోజనానికి పిలిచారు. ఏం సందర్భమండీ అంటే, నా ఇంగ్లీషు లండన్ వాళ్ళు చదివారండి అని చెప్పారు. మా పెదమావగారు పెద్ద శాలువా కొనుక్కొచ్చి కప్పారు. కప్పాక ఫ్రేము దగ్గరికి వెళ్ళి, ఇంగ్లీషు బాగానే వచ్చినాయన కాబట్టి చివరిదాకా చదివి, వెనక్కి తిరిగారు.

"ఇదేంటిరా, వెయ్యనన్నాడు కదా?"

పంక్తి మొత్తం తినడం ఆపి చూసింది. నాకు పీట కింద దూరాలనిపించింది.

"అది వ్యాసానికి అన్నయ్యా" అన్నారు మావయ్యగారు. "దాని ముందుది నాకు."

పెదమావగారు మళ్ళీ అటు తిరిగి ఆ ముందు వాక్యం గట్టిగా చదివారు. మావయ్యగారు శాలువా సర్దుకుంటూ, ఎవరితోనూ కాకుండా, "అయితే పిల్లలకి నేనేం అన్యాయం చెయ్యలేదన్నమాట" అన్నారు. నాకు కళ్ళు చెమర్చాయి. అది దాచుకోవడానికి పప్పు గిన్నె తీసుకుని వడ్డించడానికి లేచాను.

ఆ వ్యాసం ఆయన మళ్ళీ ఎవరికీ పంపలేదు. మా ఇంట్లో మాత్రం ఒక మార్పు వచ్చింది. ఎవరైనా చాలంటే అత్తయ్యగారు గరిటె గాల్లో ఆపి, "ఇంగ్లీషు చాలా, తెలుగు చాలా?" అని అడుగుతున్నారు.

మొన్న ఒకరోజు మావయ్యగారు విస్తరి ముందు కూర్చున్నారు. నేను పప్పు వెయ్యబోతే ఫ్రేము వైపు చూస్తూనే, "చాలమ్మా, ఇంగ్లీషు చాలు" అన్నారు. జీవితంలో మొదటిసారి ఆ ఇంట్లో నేను కూడా వినిపించుకోలేదు. ఇంకో గరిటె వేశాను.