ఆ రోజు మా ముందు నడిచిన సారు

దయ్యాలున్నాయని నేను ఏ రోజూ ఒప్పుకోలేదు. ముప్పై ఏళ్ళకు పైగా హైస్కూళ్ళలో సైన్సు చెప్పినదాన్ని. పిల్లకు గాలి సోకిందని తాయెత్తు కట్టించి తెచ్చిన తల్లిదండ్రులను ఎంతమందిని కోప్పడి ఆసుపత్రికి పంపానో లెక్కలేదు. ఇప్పటికీ మా ఇంట్లో ఎవరైనా అమావాస్య, అర్ధరాత్రి అని మొదలుపెడితే నేను లేచి పక్క గదిలోకి వెళ్ళిపోతాను.

అలాంటిదాన్ని ఇది రాస్తున్నానంటే నాకే నవ్వొస్తోంది. కానీ ఇది రాత్రిపూట జరిగింది కాదు, ఒంటరిగా ఉన్నప్పుడు జరిగింది కాదు. పట్టపగలు, బడిలో, తొమ్మిదిమంది ఆడపిల్లల ముందు జరిగింది. ఆ తొమ్మిదిమందిలో నేనొకదాన్ని.

పెనుకొండ నుంచి ధర్మవరం వెళ్ళే వైపు ఒక పెద్ద పల్లెలో ఉండేది మా హైస్కూలు. ఊరి పేరు రాయను. రాస్తే ఇప్పుడు అక్కడ చదువుకునే పిల్లలు ఉన్న పరీక్షల భయం చాలక దీనికి కూడా భయపడతారు.

స్వాతంత్ర్యం రాకముందే ఒక పాత సత్రంలో ఆ బడి మొదలైందట. తర్వాత చుట్టుపక్కల పల్లెల పెద్దలు కళ్ళాల దగ్గర నిలబడి వడ్లు, వేరుశెనగ చందాగా అడిగి తెచ్చి, పెంకుటి క్లాసు గదులు వరసగా కట్టించారు. ఆటస్థలం చదును చేయించారు. మా కాలానికి అది పేరున్న బడి. ఎస్సెస్సెల్సీ పరీక్షకు మా పిల్లలు పెనుకొండ వెళ్ళి రాసేవాళ్ళు. వార్షికోత్సవానికి నాటకం, శుక్రవారం సాయంత్రం వక్తృత్వ పోటీలు, వారానికోసారి తకిలీ మీద నూలు వడకడం, బడి తోటలో వంకాయలు, టమోటాలు. వంకాయలు మాత్రం హెడ్మాస్టరు గారింటికే ఎక్కువగా వెళ్ళేవని మగపిల్లలు గొణిగేవాళ్ళు.

పాత సత్రంలో ఒక గది మిగిలిపోయింది. మట్టి మిద్దె, అంటే దూలాల మీద మట్టి పరిచిన కప్పు. దాన్ని ఆడపిల్లలకు ఇచ్చారు.

ఇక్కడ ఒక పద్ధతి చెప్పాలి. ఇప్పటివాళ్ళకు వింతగా ఉంటుంది. అప్పట్లో ఆడపిల్లలు నేరుగా క్లాసులోకి వెళ్ళకూడదు. బెల్లు కొట్టాక మా గదిలోనే కూర్చోవాలి. పాఠం చెప్పే సారు వసారాలో నడుచుకుంటూ వచ్చి మా గుమ్మం దగ్గర ఆగుతారు. ఆయన ముందు నడిస్తే, ఆయన వెనక మేం వరసగా నడిచి క్లాసులోకి వెళ్ళాలి. పీరియడ్ అయ్యాక మళ్ళీ ఆయన వెనకే వచ్చి మా గదిలో చేరాలి. తల ఎత్తి సారు ముఖం చూడటమనేది లేదు. మాకు తెలిసిందల్లా ఆయన వీపు, ఆయన మడమలు. బాతుపిల్లల్లా నడుస్తున్నారని మగపిల్లలు వెక్కిరించేవాళ్ళు. అలా నడిస్తేనే ఇంట్లోవాళ్ళు మమ్మల్ని బడికి పంపేది, అందుకని నోరు మూసుకొని నడిచేవాళ్ళం.

ఒక్కో సారుది ఒక్కో రకం పిలుపు. తెలుగు పండితులు దగ్గేవారు. లెక్కల సారు చేతికర్రతో బండ మీద కొట్టేవారు. సైన్సు చెప్పే సుబ్బరాయుడు సారు నల్లబల్ల తుడిచే డస్టరుతో గుమ్మం మీద రెండుసార్లు తట్టేవారు. ఆయన నల్లకోటు మీద ఎడమవైపు సుద్ద పొడి ఎప్పుడూ అంటుకొని ఉండేది. ఆ కోటు లేకుండా ఆయన్ను నేను చూడలేదు.

నాకు ఆయనంటే చాలా ఇష్టం. దయ్యం చూపిస్తే తన సైకిలు ఇచ్చేస్తానని క్లాసులో పందెం కాసేవారు. ఆడపిల్లలు సైన్సు చదివి ఏం చేస్తారని తోటి సార్లు నవ్వితే, మా చేత సీసాల్లో ప్రయోగాలు చేయించి వాళ్ళనే పిలిచి చూపించేవారు.

చైనా యుద్ధం జరిగిన ఏడాది అది. మగపిల్లలకు మధ్యాహ్నం పాఠాలు తగ్గించి డ్రిల్లు పెట్టారు. మేం జవాన్లకు స్వెట్టర్లు అల్లాలన్నారు. గొర్రెలు కాచే ఊళ్ళ నుంచి వచ్చిన పిల్లలం, కంబళ్ళు తెలుసు గానీ స్వెట్టరు వేసుకున్న మనిషిని మాలో ఎవరూ చూడలేదు. నేను అల్లినదాంట్లో రెండు చేతులూ ఒక పొడవు కాలేదు. ఆ జవాను ఎవరో గానీ పాపం.

ఆ కార్తీకంలో మాకెప్పుడూ పడనంత వాన పడింది. వారమంతా ముసురు. ఆ రోజు మధ్యాహ్నం కాస్త వెలిసి ఎండ పొడిచింది. మగపిల్లలంతా డ్రిల్లు మాస్టరుతో ఆటస్థలంలోకి వెళ్ళారు. అన్ని తరగతుల ఆడపిల్లలం మా గదిలో కూర్చొని అల్లుతున్నాం.

అప్పుడు గుమ్మం మీద డస్టరు చప్పుడు వినిపించింది. రెండుసార్లు.

సైన్సు పీరియడ్ ఉందేమో అనుకొని మా క్లాసువాళ్ళం నలుగురం లేచాం. సారు కదల్లేదు. మళ్ళీ రెండుసార్లు తట్టారు. మిగతా అయిదుగురూ ఒకరి ముఖం ఒకరు చూసుకొని లేచారు. అప్పుడు ఆయన నడిచారు.

క్లాసుకు వెళ్ళాలంటే ఎడమకు తిరగాలి. ఆయన కుడికి తిరిగారు. వసారా దిగి, బురదలో, బావి పక్క నుంచి ఆటస్థలం వైపు నడుస్తున్నారు. తోటలో ఏదో మొక్క చూపిస్తారేమో అనుకున్నాం. అడిగే ధైర్యం ఎవరికీ లేదు. నా వెనక నడుస్తున్న జరీనా ఎప్పుడూ నా పక్కనే కూర్చునే జతపిల్ల. అల్లిక సూదులు గదిలో మరిచిపోయానని గొణిగి వెనక్కి తిరగబోయింది. సారు వెనక్కి చూడకుండానే చెయ్యి పైకెత్తారు, వద్దన్నట్టు. జరీనా ఆగిపోయింది.

బావి దాటి కానుగ చెట్టు దాకా వచ్చామో లేదో, వెనక పెద్ద చప్పుడు. బండి నిండా రాళ్ళు ఒక్కసారి దించినట్టు. తిరిగి చూస్తే మా గది లేదు. తడిసిన మిద్దె మొత్తం దూలాలతో సహా కూలిపోయింది. మేం కూర్చున్న చోట నడుం ఎత్తు మట్టి.

మళ్ళీ ముందుకు తిరిగి చూస్తే సారు లేరు. ఎవరికైనా దెబ్బ తగిలిందేమోనని అటు పరిగెత్తి ఉంటారనుకున్నాం. అప్పుడు మాకు వేరే ఆలోచన రాలేదు. ఏడవడానికే సమయం సరిపోయింది.

డ్రిల్లు మాస్టరు, మగపిల్లలు పరిగెత్తుకొచ్చారు. హెడ్మాస్టరు గారు మమ్మల్ని రెండుసార్లు లెక్కపెట్టారు. ఎవరు చెప్తే బయటికి వచ్చారని అడిగారు. సుబ్బరాయుడు సారని చెప్పాం.

"సారు పొద్దున రైలుకే హిందూపురం పోయినాడు గదమ్మా, మీటింగుకు" అన్నారు ఆయన.

డ్రిల్లు మాస్టరు ఇంకో మాట అన్నారు. "నేను చూస్తానే ఉంటి. మీరే వరసగా వస్తాంటిరి. మీ ముందర ఎవురూ లేరే!" ఆటస్థలంలో నిలబడ్డ మగపిల్లలూ అదే చెప్పారు. తొమ్మిదిమందిమీ చూశామని మేం. ఎవరూ లేరని వాళ్ళు. అడుగుజాడలు చూసి తేల్చుకుందామంటే, అప్పటికే బడి బడంతా ఆ బురదను తొక్కి పెట్టింది.

నేను టీచరునయ్యాక దీన్ని చాలాసార్లు నాలో నేనే విచారించుకున్నాను. మేం ముఖం చూడలేదు. అది నిజం. కోటు, మడమలు, డస్టరు, ఎత్తిన చెయ్యి, ఇంతే చూశాం. మిద్దెలో దూలం విరుగుతున్న చప్పుడే మాకు డస్టరు చప్పుడులా వినిపించిందేమో. రోజూ చేసే పని కాబట్టి లేచి నడిచామేమో. కానీ తొమ్మిదిమందిమీ కుడికే ఎందుకు తిరిగాం? రోజూ తిరిగేది ఎడమకు.

బతికామన్న సంతోషం రెండు రోజులు కూడా నిలవలేదు. సంగతి పల్లెలన్నీ పాకింది. సత్రంలో దయ్యం ఉందని కొందరు, సారు లేకుండా ఆడపిల్లలు బయట తిరుగుతున్నారని కొందరు. ఇద్దరు పిల్లలను వెంటనే బడి మాన్పించారు, వాళ్ళలో జరీనా ఒకతి. మా ఇంట్లో అవ్వ పట్టుపట్టింది.

"ఆ సత్రంలో యెవరో సచ్చింటారు. అదే పిలిచిండాది. ఈ పొద్దు ఇడిసిపెట్టింది, రేపు ఇడిసిపెడతాదా? ఇంక సాలు సదువు" అంది.

"చంపేదైతే గదిలోనే ఉంచుతుండె గదా అవ్వా, బయటికి యాల పిలుస్తాది?" అన్నాను. అవ్వ చీపురు అందుకుంది.

నన్ను చేసుకోవడానికి మా మేనమామ సిద్ధంగా ఉన్నాడు. అవ్వకు కావలసిందల్లా ఒక సాకు. మిద్దె కూలిన రోజు నాయన ఊళ్ళో లేడు, బెల్లం అమ్మడానికి పోయి రాత్రికి వచ్చాడు. అంతా విన్నాడు గానీ అవునని అనలేదు, కాదని అనలేదు. నేను పుస్తకాలు ముందు పెట్టుకొని ఏడుస్తూ కూర్చున్నాను. ఆ ఏడుపు నాకు ఇప్పటికీ గుర్తుంది. మిద్దె కింద పడి ఉన్నా బాగుండేదనిపించింది.

ఆ ఆదివారం సుబ్బరాయుడు సారు సైకిలు మీద మా ఊరొచ్చారు. అంతకుముందు ఆయన మా ఇంటికి రాలేదు. అరుగు మీద కూర్చున్నారు. నాయన ఎదురుగా నిలబడ్డాడు. నేను తలుపు వెనక ఉన్నాను.

"ఆ పొద్దు పిల్లోళ్ళను పిలుచుకొని పోయింది నేనేనప్పా" అన్నారు సారు. "రైలు తప్పిపోతే మళ్ళా బడికే వస్తి. పైనుంచి మట్టి రాలతాంటే చూసినా. చెప్తే గాబరా పడతారని ఏమీ చెప్పకుండా బయటికి తెచ్చినా. డ్రిల్లు సారు దూరంగా ఉండె, ఆయనకు కనపడలేదు. దయ్యం లేదు, ఏమీ లేదు. పాపను బడి మాన్పించొద్దు."

నాయన ఆయన ముఖంలోకి చాలాసేపు చూశాడు. తర్వాత అవ్వను పిలిచి మజ్జిగ తెమ్మన్నాడు.

"రేపట్నుంచి పంపిస్తా సార్" అన్నాడు.

సారే స్వయంగా చెప్పాక అవ్వ మాత్రం ఏమంటుంది? కొన్ని రోజుల తర్వాత జరీనాను కూడా వాళ్ళింట్లోవాళ్ళు మళ్ళీ బడికి పంపారు. ఆయన వాళ్ళింటికీ వెళ్ళారన్నమాట.

ఒకరోజు ప్రయోగాల గదిలో ఎవరూ లేనప్పుడు, ధైర్యం చేసి ఆయన్నే అడిగేశాను. ఆయన సీసా కడుగుతూ, నా వైపు చూడకుండా చెప్పారు. "నేను హిందూపురంలోనే ఉంటినమ్మా. మీ నాయనకు అబద్ధం చెప్పినా. మీకు కనపడిందేందో నాకు తెలీదు. తెలీనిదాన్ని తెలీదనే అనల్ల. పో, చదువుకో."

అబద్ధమంటే మండిపడే మనిషి ఆయన. మా కోసం ఊరూరా తిరిగి ఆ అబద్ధమే ఆడారు.

నేను ఎస్సెస్సెల్సీ పాసయ్యాను. ఆ పైన డిగ్రీ, ట్రైనింగు చేసి ధర్మవరంలో సైన్సు టీచరుగా చేరాను. కొన్నాళ్ళకు నాయన నన్ను చూడటానికి వచ్చాడు. అప్పటికి సుబ్బరాయుడు సారు పోయి ఏడాది దాటింది. ఇక దాచి ఏం లాభమని, ఆ రోజు సారు నీతో అబద్ధం చెప్పాడు నాయనా అన్నాను.

నాయన నవ్వాడు. "నాకు తెలీదనుకుంటివా?" అన్నాడు.

ఆ రోజు నాయన బెల్లం అమ్మింది హిందూపురంలోనే. పని ముగించుకొని మార్కెట్టు పక్క హోటల్లో కూర్చుంటే, ఎదుటి బల్ల దగ్గర సారు ఉన్నారు. నాయన ఆయన్ను వార్షికోత్సవంలో చూసి ఉన్నాడు. తన బట్టలు మాసి ఉన్నాయని పలకరించడానికి మొగమాటపడ్డాడు. సారుకు నాయన ఎవరో తెలియదు.

"కాఫీ తెచ్చి పెట్టినారు. తాగలా. లోటా చేత్తో పట్టుకొని కండ్లు తెరుచుకొని అట్లే కూర్చోనుండె. సప్లయరు ఇంకేం కావల్ల సార్ అని రెండు మార్లు అడిగినా పలకలా. ఒంట్లో బాగలేదేమో, లేసిపోయి పట్టుకొందామనుకొంటి. అంతలో ఉలిక్కిపడి, చుట్టూ చూసి, చల్లారిన కాఫీ పక్కన పెట్టి ఇంకోటి చెప్పినాడు."

అప్పుడు టైమెంతని అడిగాను. నాయనకు గడియారం లేదు. వాన వెలిసి ఎండ పొడిచినాక అన్నాడు. హోటల్లో సారు అలా కూర్చున్నదీ, ఇక్కడ మిద్దె కూలిందీ ఒకటే సమయమని నేను చెప్పలేను. హిందూపురంలో వాన ఎప్పుడు వెలిసిందో నాకు తెలియదు. సారును అడుగుదామంటే ఆయన లేరు.

"మరి అబద్ధమని తెలిసీ నన్నెందుకు పంపితివి నాయనా?" అన్నాను.

నాయన నన్ను తెలివితక్కువదాన్ని చూసినట్టు చూశాడు. "నా కండ్ల ముందర ఆడ కూర్చోనే, ఈడ నా బిడ్డను బయటికి పిలుచుకొచ్చినాడు గదమ్మా ఆయప్ప. ఆయప్ప దగ్గరికి పంపేదానికి నాకేం భయం?"

నాయన నమ్మింది నేను నమ్మలేను. నా చదువు ఒప్పుకోదు. కానీ కాదని చెప్పడానికి ఇన్నేళ్ళలో నాకొక్క కారణం దొరకలేదు. సారు చెప్పినట్టు, తెలియదనే అంటున్నాను.