నైట్ షిఫ్టు ఇంటికి మంచిమాటలు

పిల్లలకు ధైర్యం చెప్పే టీచర్లకు మళ్లీ ఎవరో ధైర్యం చెప్పాలన్న ఆలోచన ఏ పుణ్యాత్ముడికి వచ్చిందో గానీ, ఆ మనిషి ఒక్కసారి నా కంట పడి ఉంటే బాగుండేది. ఇది తెలంగాణ రాకముందు మాట. గోదావరిఖనిలో ఒక ప్రైవేటు బడిలో నేను సోషల్ చెప్పేదాన్ని. ఒకనాడు మా హెడ్మాస్టర్ పిలిచి, "మేడం, ఇయ్యాల్టి సంది మన బడికి కౌన్సెలర్ మీరే" అన్నాడు. పీరియడ్లు తగ్గిస్తారా అని అడిగితే నవ్వాడు.

రెండు రోజులు కరీంనగర్‌లో శిక్షణ ఇచ్చి, కౌన్సెలర్లకు ఉత్సాహం కలిగించే మంచిమాటల పుస్తకం ఒకటి చేతిలో పెట్టారు. అందులో నేనొక దీపాన్ని, రెండో పేజీకి నిచ్చెనను, మూడో పేజీకి వానచినుకును. రోజూ పొద్దున అద్దం ముందు నిలబడి ఒక పేజీ పైకి చదువుకోవాలట! నల్లా కింద బిందె పెట్టి, పొయ్యి మీద ఎసరు పెట్టి, బస్సు టైము చూసుకునే మనిషికి తను దీపమా నిచ్చెనా అని తేల్చుకునే తీరిక ఎక్కడుంటుంది? అయినా చదివాను. మా ఆయన స్నానాల గదిలోంచి, "ఎవలతోని మాట్లాడుతున్నవే?" అని రెండుసార్లు అడిగి, తర్వాత అడగడం మానేశాడు.

మా బడిలో సాయంత్రం స్టడీ అవరంటే అప్పజెప్పడమే. ప్రశ్న బట్టీ పట్టి, టీచర్ ముందు చేతులు కట్టుకుని గడగడా ఒప్పజెబితేనే ఇంటికి వదిలేవాళ్లం. ఆ గంటసేపు బడంతా ఒకటే రొద. ఆ రొదలో పదో తరగతి పిల్ల ఒకతె నా ముందుకొచ్చి పెదాలు కదిపేది. మాట బయటికొచ్చేది కాదు. "గట్టిగా చెప్పమ్మా" అంటే ఇంకా తల దించుకునేది. రాత పరీక్షల్లో మాత్రం డెబ్బైకి తక్కువ ఎన్నడూ రాలేదు.

హెడ్మాస్టర్‌కు అదే అనుమానం. "నోట్లకెల్లి ఒక్క ముక్క రాదు, పేపర్ మీదికి ఎట్లొస్తయి మేడం? పక్కదాన్ల జూసి రాస్తంది. రేపు పబ్లిక్ పరీక్షల స్క్వాడ్‌కు దొరికితే బడి ఇజ్జత్ పోతది. ఈ యేడు ఆపుదాం. వచ్చే యేడు ప్రైవేటుగ రాసుకుంటది."

ఆ మనిషి గొంతు అసలే గేటు దాకా వినబడుతుంది. స్టాఫ్ రూంలో అందరూ విన్నారు, వరండాలో నిలబడ్డ ఆ పిల్లా వింది. శనివారం పరీక్షకు పేర్ల జాబితా వెళ్లాలి. ఈలోపు నేను ఒక ఫారం నింపాలి: కౌన్సెలింగ్ ఇచ్చినా మార్పు రాలేదని రాసి, కింద సంతకం. పదోలో ఆపిన ఆడపిల్ల మళ్లీ బడి గడప తొక్కడం నా సర్వీసులో నేను చూడలేదు. ఇంటి పనో, కుట్టు మిషనో, పెళ్లో ఎదురు చూస్తూ ఉంటాయి.

కౌన్సెలింగ్ ఇచ్చాను మరి! పుస్తకంలో ఉన్నవన్నీ ఇచ్చాను. గొంతు విప్పమన్నాను, నీలో సింహం ఉందన్నాను. సింహం తల వంచుకుని చున్నీ అంచు నలుపుకుంటూ కూచుంది. నాకు ఒళ్లు మండిపోయింది. సరే, తల్లిదండ్రులతోనే తేల్చుకుందామని, తండ్రిని పొద్దున పదకొండు గంటలకు బడికి రమ్మని చిట్టీ పంపాను. రాలేదు. మళ్లీ పంపాను. మూడోదానికీ రాలేదు. "కన్నబిడ్డ చదువంటే ఇంత పట్టనితనమా!" అని స్టాఫ్ రూంలో గొంతు చించుకున్నాను.

గురువారం ఏదో సెలవొచ్చింది. చిట్టీకి రాని మనిషి నేనెళ్తే ఎక్కడికి పోతాడని, బొగ్గు గనుల కంపెనీ క్వార్టర్ల వైపు నడిచాను. మిట్టమధ్యాహ్నం. వాకిలి తీసే ఉంది. ఆ పిల్ల గడప మీద కూచుని పుస్తకంలోకి చూస్తూ పెదాలు కదుపుతోంది, అచ్చం నా ముందు కదిపినట్టే. "ఇంట్లో ఎవరున్నారండీ?" అని నా మామూలు గొంతుతో కేకేశాను. పిల్ల ఉలిక్కిపడి లేచింది. లోపలినుంచి తల్లి పరుగున వచ్చి, నోటి మీద వేలు పెట్టుకుంది.

"మెల్లగ మేడం. ఆయన పన్నడు. నైట్ షిఫ్టు."

ఒకటే గది, వెనక చిన్న వంటిల్లు. గదిలో కిటికీకి దుప్పటి కట్టారు. తండ్రి చాప మీద పడుకుని ఉన్నాడు. టీవీ ఆడుతోంది, శబ్దం లేదు. తమ్ముడు దాని ముందు కూచుని శబ్దం లేకుండానే నవ్వుతున్నాడు. వంటింట్లో కుక్కర్ ఉంది గానీ అన్నం గిన్నెలో ఉడుకుతోంది. కుక్కర్ కూతకు ఆయన లేస్తాడట.

"నిద్ర సాలకుంటే ఎట్ల మేడం? బొగ్గుబాయిల పైకప్పు దిక్కు సూసుకుంట పని జెయ్యాలె. కన్ను మూతపడితే అంతే" అని తల్లి గుసగుసలాడింది. "అందుకే పోరగాండ్లను చిన్నప్పటి సంది చప్పుడు చెయ్యనియ్య."

నేనూ ఈ ఊళ్లోనే పుట్టాను. మా నాన్నది వర్క్‌షాపులో జనరల్ షిఫ్టు. పొద్దున పోయి సాయంత్రం వచ్చేవాడు. ఆయన ఉన్నంతసేపూ మా ఇంట్లో రేడియో మోగుతూనే ఉండేది. గనుల ఊళ్లో పుట్టి, రాత్రంతా భూమి కింద పనిచేసిన మనిషిని పదకొండింటికి రమ్మని మూడు చిట్టీలు రాశాను! ఇంకెవరికైనా ఈ మాట చెబితే మొహం మీదే నవ్వుతారు.

నా కేకకో, మా గుసగుసలకో ఆయన లేచాడు. కంటి అంచుల్లో కాటుకలా బొగ్గు అలాగే ఉంది. బడిలో పిల్ల గొంతు పెగలని సంగతి చెప్పాను. శనివారం జాబితా, సంతకం, అన్నీ చెప్పాను. ఆయన ముందు నామీదే లేచాడు.

"పదకొండు గొట్టంగ రమ్మంటే ఎట్లొస్తం మేడం? మీరు ఈడోళ్లేనా అసలు?"

ఈడోళ్లమే అన్నాను. ఇంకేమనగలను?

తర్వాత ఆయన కూతురి వైపు చూశాడు. "నేను ఎన్నడు లేసినా ఇల్లు సప్పుడు లేకుంట ఉంటది. మా పిల్లలు బుద్ధిమంతులని బాయిల అందరికి జెప్పుకున్న. నా నిద్ర కోసం గిట్లయిందని నాకేం ఎరుక?" అన్నాడు. నేను వచ్చేసేటప్పుడు ఆయన ఇంకా చాప మీదే కూచుని ఉన్నాడు. మళ్లీ పడుకున్నాడో లేదో తెలియదు.

శనివారం పొద్దున హెడ్మాస్టర్ ముందు ఫారం పెట్టి సంతకం చెయ్యనన్నాను. రుజువేదని గద్దించాడు. "పిల్లను పిలిపించి, మీకిష్టమొచ్చిన ప్రశ్న మీరే అడగండి" అన్నాను. పుస్తకం ముయ్యమని చెప్పి రుతుపవనాల గురించి అడిగాడు. పిల్ల చేతులు కట్టుకుంది. పెదాలు కదిలాయి. మళ్లీ అదే! "జూసిన్రా మేడం?" అని హెడ్మాస్టర్ పెన్ను తీశాడు.

గుమ్మంలో ఎవరో దగ్గారు. తండ్రి. డ్యూటీ దిగి నేరుగా వచ్చినట్టున్నాడు, చేతిలో టిఫిన్ డబ్బా అలాగే ఉంది. కళ్లు ఎర్రగా ఉన్నాయి. ఎవరినీ అడక్కుండా లోపలికొచ్చి గోడవార బెంచీ మీద కూచున్నాడు.

"బిడ్డా, నేను లేసే ఉన్న. గట్టిగ జెప్పు."

పిల్ల తండ్రిని చూసింది. మొదటి వాక్యం గాలిలా వచ్చింది. రెండోది నాకు వినబడింది. మూడోదానికి హెడ్మాస్టర్ పెన్ను కింద పెట్టాడు. నైరుతి, ఈశాన్యం, ఎక్కడ మొదలై ఎటు పోతాయో, ఒక్క ముక్క తప్పకుండా చెబుతోంది. గొంతు బొంగురుగా ఉంది. ఏడాదంతా నా ముందు నిలబడ్డ పిల్ల గొంతును నేను వినడం అదే మొదలు.

సగానికొచ్చేసరికి బెంచీ మీద తండ్రి తల వాలిపోయింది. డబ్బా ఒళ్లో పెట్టుకుని కూచున్న చోటే నిద్రపోయాడు. పిల్ల చూసింది. ఆగింది. అయిపోయింది, ఇక పెదాలే అనుకుని నేను ఆయన్ని లేపడానికి లేవబోయాను. పిల్ల వద్దన్నట్టు తల ఊపి, ఊపిరి పీల్చుకుని, ఇంకాస్త గట్టిగా మొదలుపెట్టింది. చివరిదాకా చెప్పింది. ఆయన కదల్లేదు.

హెడ్మాస్టర్ జాబితా నా ముందుకు జరిపి, పడుకున్న మనిషి వైపు ఒకసారి చూసి, నావైపు వంగాడు.

"పేరు రాసుకోండి మేడం" అని గుసగుసలాడాడు.