డబుల్ రొట్టె కోసం సికింద్రాబాద్ దాకా

అత్తయ్యగారు నాలుగు రోజులుగా ఏమీ తినకపోవడం వల్ల నేను ఈ ప్రయాణం చేయవలసి వచ్చింది. జ్వరం తగ్గింది గాని, గంజి పోసినా కడుపులో నిలవడం లేదు. కూకట్‌పల్లి డాక్టరుగారు పొద్దున్నే వచ్చి నాడి చూసి, "డబుల్ రొట్టె పాలల్ల నానబెట్టి పెట్టున్రి. రేపటికి గూడ ఏం తినకపోతే పెద్ద దవాఖానకు తీస్కపోవాలె" అన్నారు. మేము తెనాలి వైపు నుంచి ఇక్కడికి వచ్చి ఆరు నెలలే అయింది. డబుల్ రొట్టె అంటే బ్రెడ్డేనని పక్కింటి సత్తెమ్మ చెప్పింది. అత్తయ్యగారు ఆ మాట వినగానే గోడవైపు తిరిగి పడుకున్నారు. "దాంట్లో గుడ్డు కొడతారట. కొట్టలేదని నువ్వు కళ్ళారా చూసి తెస్తే తింటాను, అమ్మాయ్. ఎవరో చెప్పిన మాట నాకొద్దు" అన్నారు.

మావారికి బాలానగర్ ఫ్యాక్టరీలో ఆ వారమంతా డబుల్ డ్యూటీ. పొద్దున పోతే రెండు షిఫ్టులూ చేసుకుని వస్తారు. సత్తెమ్మ భర్త కొండాపూర్ గుట్టల నుంచి కట్టెలు కొట్టి, సికింద్రాబాద్‌లో ఒక బేకరీకి బండి మీద తోలుతుంటాడు. "మా ఆయన పేరు జెప్పు, లోపలికి రానిస్తరు. ముసలమ్మను నేను చూస్కుంట. జర ధైర్యం జెయ్యి" అని ఆమె నన్ను గడప దాటించింది. ఒంటరిగా బస్సెక్కడం నాకదే మొదటిసారి.

తొమ్మిదింటికి షిఫ్టు జనం తగ్గాక బస్సు దొరికింది. అమీర్‌పేటకు పాతిక పైసలు. నేను ఐదో తరగతి వరకే చదివాను. డబుల్ అంటే రెట్టింపు అని మా పంతులుగారు నేర్పారు. ఈ ఊళ్ళో ఆ మాట ఎక్కడపడితే అక్కడ తిరుగుతోంది. దారిలో ఒక స్టాపులో కండక్టరు తాడు లాగి గంట కొట్టినా డ్రైవరు బండి కదిలించలేదు. "డబుల్ కొట్టిన గద, ఇంకేం గావాలె నీకు, బ్యాండు మేళమా?" అని కండక్టరు అరిచాడు. ఒక గంటైతే ఆగాలి, రెండైతే కదలాలి అని పక్కన కూర్చున్న పూలమ్మే ఆవిడ చెప్పింది. అమీర్‌పేటలో దిగి, సికింద్రాబాద్‌కు ఏ బస్సు ఎక్కాలని కండక్టరునే అడిగాను. "ఎనకాల డబుల్ వస్తది, అదెక్కమ్మా" అన్నాడు. ఏమిటా డబుల్ అని అడగడానికి నోరు రాలేదు. పది నిమిషాలకు మేడ ఉన్న బస్సు వచ్చింది. పూలమ్మే ఆవిడ కూడా అదే ఎక్కింది. మెట్లెక్కుతుంటే పడిపోతానేమో అనిపించి, ఆమె చెంగు పట్టుకున్నాను.

బేగంపేట దగ్గర మేడ మీద నుంచి చూస్తే, సైకిలు వెనక భార్యను ఎక్కించుకున్న ఒకతన్ని పోలీసు ఆపాడు. "డబుల్ సవారి, దొరికిపోయిండు" అంది పూలమ్మే ఆవిడ.

"మొగుడూపెళ్ళాలే కదండీ?"

"మొగుడైతే ఏంది? సైకిల్‌కు ఎరుకైతదా?" అని పకపకా నవ్వింది.

ధైర్యం తెచ్చుకుని, బ్రెడ్డుకు ఆ పేరెందుకు వచ్చిందని అడిగాను. "మన రొట్టెకు డబుల్ లావుంటది గద, గందుకే" అంది. సరే అనుకున్నాను.

బేకరీ స్టేషను వెనక సందులో ఉంది. పదిన్నరకు చేరాను. ముందు గదినిండా చాయ్ తాగే మగవాళ్ళు. కొంగు తలమీదకు లాక్కుని, గల్లా దగ్గర సత్తెమ్మ భర్త పేరు చెప్పాను. రొట్టె చేయడం కళ్ళారా చూడాలని అడిగాను. ఖాదర్ మియా అనే పెద్దాయన పిండి చేతులతోనే వచ్చి, సంగతంతా విన్నాడు. "మీ అత్తమ్మ పెద్ద వకీలు లెక్కుంది. రా బిడ్డా, ఫికర్ చెయ్యకు" అని లోపల ఒక స్టూలు వేయించాడు. "మైదా, ఉప్పు, చక్కెర, ఖమీరు. అయిపాయె! గుడ్డు ఏడుంది, నువ్వే జెప్పు." ఖమీరు అంటే పిండిని పులియబెట్టేది. నేను రెప్ప వేయకుండా చూశాను. పిండి ఉబ్బడం చూపించి, "డబుల్ అయితది, గందుకే డబుల్ రొట్టె" అన్నాడు. భట్టీలో కట్టెలు వేస్తున్న ముసలాయన ఒప్పుకోలేదు. "కాదమ్మా, రెండు రొట్టెలు అంటుకోని జంటగ వస్తయి, అట్ల పేరొచ్చింది." ఇద్దరూ వాదించుకున్నారు. మిగిలిన ముక్కలు నేతిలో వేయించి చేసే మిఠాయిని డబుల్ కా మీఠా అంటారట. ఇంక నేను అడగడం మానేశాను.

అప్పుడే మూలన గంపలో గుడ్లు కనిపించాయి. అవెందుకని మెల్లిగా అడిగాను. ఖాదర్ మియా దాచలేదు. "గవి కేకులకు బిడ్డా. రొట్టె డబ్బాలు వేరే ఉన్నయి. కాని భట్టీ ఒక్కటే. నీకు అబద్ధం ఎందుకు జెప్పాలె?" అన్నాడు. వెనక్కి పోదామా అనుకున్నాను. ఉత్త చేతులతో పోతే రేపు దవాఖాన. పన్నెండున్నరకు రొట్టె బయటికి వచ్చింది. అత్తయ్యగారికి పెట్టేది నేను తినకుండా ఎలా పెట్టను? ఒక ముక్క అడిగి తిన్నాను. మెత్తగా, కొంచెం పుల్లగా ఉంది. ముప్పావలా ఇచ్చి ఒకటి తీసుకున్నాను.

మూడింటికి ఇల్లు చేరాను. అత్తయ్యగారు కళ్ళు తెరిచి, "చూశావా?" అన్నారు.

"చూశానండీ. రొట్టెలో గుడ్డు లేదు. కానీ గుడ్డు వేసిన కేకులు కూడా అదే పొయ్యిలో కాలుస్తారట."

సత్తెమ్మ తల కొట్టుకుంది. "ఏందమ్మా, గది గూడ జెప్పాల్నా? గమ్మునుంటే ఏమైతుండె?"

అత్తయ్యగారు మెల్లిగా లేచి గోడకు ఆనుకుని కూర్చున్నారు. నేను రొట్టె పట్టుకుని నిలబడే ఉన్నాను. చివరికి, "నిప్పుకి అంటూ మైలా ఏమిటే? పాలు వెచ్చబెట్టు" అన్నారు. రెండు ముక్కలు తిన్నారు. గంట గడిచినా కడుపులో నిలిచాయి. సాయంత్రం మరో ముక్క అడిగారు.

డబుల్ అంటే ఏమిటని ఇప్పుడెవరైనా అడిగితే ఏం చెప్పాలో నాకు తెలియదు. పొద్దుటికన్నా ఎక్కువ అయోమయంలో ఇంటికి వచ్చాను. ముగ్గురు మూడు కారణాలు చెప్పారు, మూడూ నిజంలాగే ఉన్నాయి. కానీ పేరు అర్థం కాకపోయినా దారి అడగవచ్చని, బస్సెక్కవచ్చని, పరాయి మగవాళ్ళ మధ్య కూర్చుని అడగవలసింది అడగవచ్చని తెలిసింది. పొయ్యి సంగతి దాచి ఉంటే అత్తయ్యగారు తిని ఉండేవారే. ఆ తరువాత ఆమె మొహం చూడడం నా వల్ల అయ్యేది కాదు. ఈ వైపు నుంచి రొట్టెకు వెళ్ళేవారికి ఒక్క మాట: పన్నెండు దాటాక వెళితే వేడిగా దొరుకుతుంది గాని, వేడి మీద సంచిలో పెట్టి మూతి కట్టకండి. చెమ్మ పట్టి అడుగు ముద్దవుతుంది. పలచని గుడ్డ కప్పి ఒళ్ళో పెట్టుకోండి.