జడ్జిగారికే జడ్జిగారి జీవితచరిత్ర

ఒక మనిషికి ఆయన జీవితచరిత్రనే తప్పులతో సహా వినిపించి, ఆయన దిద్దబోతే "మీకు తెలియదు, ఊరుకోండి" అని కసిరిన ఘనుణ్ణి మీరు చూసి ఉండరు. చూడాలని ఉంటే ఇదిగో, నేనే. ఆ మనిషి ఫెడరల్ అప్పీలు కోర్టు జడ్జి కావడం, నా మొట్టమొదటి అప్పీలు ఆయన ముందుకే రావడం మిగతా ప్రమాదం. ఎవరి ప్రాణమూ పోలేదు గానీ, ఒక మంచి మనిషి దేశం విడిచి పోవాల్సినంత పని జరిగింది.

ఎనభైల మధ్య మాట. లా చదువు ముగించి చికాగోలో ఓ చిన్న ఆఫీసులో కొత్తగా చేరాను. ఇల్లు నేపర్‌విల్‌లో, రోజూ ట్రైన్‌లో సిటీకి ప్రయాణం. అప్పటి నా వాలకం చెబితే మీకు రోత పుడుతుంది, అయినా చెబుతాను. మండుటెండలో కూడా వెయిస్ట్‌కోటు. చేతిలో తోలు బ్రీఫ్‌కేసు, అందులో ముఖ్యంగా పెరుగన్నం డబ్బా. తను కూస్తేనే తెల్లవారుతుందనుకునే కోడిపుంజు ఉంటుంది చూడండి, నేను దానికి అన్నని. నేను నోరు తెరవకపోతే ఇలినాయ్‌లో న్యాయానికి తెల్లవారదని నా గట్టి నమ్మకం.

మా సీనియర్‌కి తెలుగు ముక్క రాదు. అందుకని రత్నకుమారి ఆంటీ కేసు నా చేతిలో పెట్టాడు. ఆవిడది బాపట్ల. మా పక్క ఊరు అరోరాలో నర్సు. ఆదివారాలు తెలుగు చర్చిలో అందరిచేతా పాటలు పాడించేది. ఆవిడను అమెరికా రప్పించిన హాస్పిటల్ మూతపడింది. ఇంకో హాస్పిటల్ రమ్మంటే వెళ్లి చేరింది. కొత్తచోటికి వీసా అనుమతి రాకముందే డ్యూటీ ఎక్కావంటూ ఇమిగ్రేషన్ వాళ్లు దేశం విడిచి పొమ్మన్నారు. కింద అన్నిచోట్లా ఓడిపోయాక మిగిలింది అప్పీలు కోర్టు. అక్కడ ముగ్గురు జడ్జీలు కలిసి వింటారు. ఆ ముగ్గురూ ఎవరన్నది విచారణ రోజు పొద్దున గానీ బయటికి చెప్పరు.

"నీకిది మొదటి కేసంట కదా బాబూ, పర్లేదా?" అని ఆవిడ భయంభయంగా అడిగింది.

"మీరు రిలాక్స్ అవ్వండి ఆంటీ. జడ్జీలందర్నీ స్టడీ చేసి పెట్టాను" అన్నాను.

స్టడీ అంటే ఏమిటనుకున్నారు? అప్పీళ్లు ఓడిపోయి వచ్చిన కుర్ర లాయర్లు కాఫీ తాగుతూ జడ్జీలను తిట్టుకుంటుంటే చెవి ఒగ్గి వినడం. ఆ జడ్జీలు రాసిన తీర్పు ఒక్కటి చదివిన పాపాన పోలేదు.

నేనెక్కే ట్రైన్‌లో తరచూ ఒక పెద్దాయన నా పక్కన కూర్చునేవాడు. మోచేతుల దగ్గర అరిగిన కోటు, లావుపాటి కళ్లద్దాలు, ఒళ్లో గళ్లనుడికట్టు. రిటైరైన బడిమాస్టారని చూడగానే తీర్పు ఇచ్చేశాను. నా పేరు, నా డిగ్రీ, నా తెలివితేటలు అన్నీ ఆయనకు విన్నవించుకున్నాను గానీ, ఆయన పేరు అడగాలని నాకు తోచనే లేదు. వినేవాళ్లకు పేర్లతో పనేముంది?

ఒకనాడు ఆయన మర్యాద కోసం, ఏ కోర్టులో ప్రాక్టీసు చేస్తారని అడిగాడు. పాపం, ఆయన చేసిన తప్పు అదొక్కటే. నేను అప్పీలు కోర్టు గురించి అందుకుని, అందులో ఒక జడ్జి దగ్గర ఆగాను. ఆయన పేరు ఇక్కడ రాయను. ఆ పేరు పలికే అర్హత అప్పుడే పోగొట్టుకున్నాను.

"బాగా కలిగిన ఇంట పుట్టాడండీ. ఒక్కరోజు ఒళ్లు వంచి ఎరగడు. ఓ సెనెటర్ సంచులు మోసి జడ్జి అయ్యాడు" అన్నాను.

పెద్దాయన పెన్సిల్ ఆపాడు. "వాళ్ల నాన్న కబేళాలో కూలి అని విన్నానే. ఆ కుర్రవాడూ పగలు అక్కడే పనిచేస్తూ, సాయంత్రం కాలేజీలో లా చదివాడట."

"మీరు విన్నది తప్పు సార్."

"ఆ తర్వాత చాలాకాలం ప్రభుత్వ ప్లీడరుగా చేశాడట. కింది కోర్టులో జడ్జిగా ఉండి, డెబ్బైల చివర్లో పైకోర్టుకు వచ్చాడట. ఆ సెనెటర్‌కి ఆయనంటే గిట్టేది కాదని కూడా అంటారు."

"అవన్నీ పేపర్లో రాతలు. లోపలి సంగతులు మీకు తెలియదు, ఊరుకోండి."

ఆయన ఊరుకున్నాడు. హనుమంతుడి ముందు కుప్పిగంతులు వేయకూడదంటారు. నేను హనుమంతుణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని, లంక ఎటువైపుందో ఆయనకే దారి చెప్పాను.

అక్కడితో ఆగినా బతికిపోయేవాణ్ణి. విచారణకు ముందురోజు మళ్లీ ఆయనే పక్కన దొరికాడు. రేపు నా వాదన ఉందని చెప్పి, నర్సు సంగతి మొదలుపెట్టానో లేదో, ఆయన చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఆ కేసు గురించి నాతో మాట్లాడకండి. దయచేసి."

లా అంటే బెదిరిపోతున్నాడనుకుని, సులువుగా చెబుతాను లెమ్మని ధైర్యం చెప్పాను. ఆయన లేచి పక్క పెట్టెలోకి వెళ్లిపోయాడు. గాలి ఆడక వెళ్లాడు కాబోలని, నేనూ బ్రీఫ్‌కేసు పట్టుకుని వెనకాలే వెళ్లాను. ఆయన పేపరు విప్పి ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు. నేను ఆ పేపరుకే నా వాదన మొత్తం వినిపించాను. చికాగో రాగానే ఆయన వయసుకు మించిన వేగంతో దిగిపోయాడు. నా వాదనాపటిమకు కదిలిపోయాడనుకున్నాను. కదిలాడు, నిజమే.

మర్నాడు కోర్టులో నల్లగౌన్లు వేసుకున్న ముగ్గురూ లోపలికి వచ్చారు. నడిమి కుర్చీలో లావుపాటి కళ్లద్దాలు. అందరూ లేచి మళ్లీ కూర్చున్నారు. నేను కూర్చోవడం మరిచిపోయాను.

"ఇరుపక్షాలూ ఉన్నప్పుడే ఒక మాట చెప్పాలి" అన్నారు జడ్జిగారు, నిదానంగా. "ఈ లాయరుగారూ నేనూ ఒకే ట్రైన్‌లో వస్తాం. నిన్న ఈ కేసు నాకు పూర్తిగా వినిపించారు. వద్దన్నాను, పెట్టె మారాను, లాభం లేకపోయింది. ఒక పక్షం మాట విడిగా చెవిన పడింది కనుక నేను ఈ కేసు వినకూడదు."

కాగితాలు సర్దుకుని లేచి, నా వైపు చూశారు. "నా బతుకు గురించి కూడా ఆయన కొన్ని కొత్త సంగతులు చెప్పారు. వాటికీ ఈ కేసుకూ సంబంధం లేదు."

కోర్టంతా నవ్వింది. ఆయన వెళ్లిపోయారు. ఇద్దరితోనైనా విచారణ సాగించవచ్చట. ఆ మిగిలిన ఇద్దరి ముందు నేనేం వాగానో నాకు గుర్తులేదు, గుర్తుంచుకోదగ్గదీ కాదు.

బయటికి రాగానే ప్రభుత్వం తరఫు లాయరు నా చెయ్యి పట్టుకుని ఊపింది. "మీకు థాంక్స్ చెప్పుకోవాలి. ఇలాంటి నర్సుల కేసుల్లో మాకు భయం ఆయనొక్కడితోనే. ఆయన్ని మీరే పంపేశారు."

నేను లైబ్రరీకి పరిగెత్తి ఆయన తీర్పులు అప్పుడు తీశాను, ఇల్లు తగలబడ్డాక బావి తవ్వినట్టు. నిజమే. ఆంటీ లాంటి వాళ్ల పక్షాన ఆయన తోటి జడ్జీలతో పోట్లాడి మరీ రాసినవి ఒకదాని వెనక ఒకటి కనిపించాయి.

డ్యూటీకి వెళ్లాలని యూనిఫాంలోనే వచ్చిన ఆంటీ కింద బెంచీ మీద కూర్చుని ఉంది. "నడిమి ఆయన మధ్యలో లేచిపోయాడేం బాబూ, ఒంట్లో బాలేదా?" అని జాలిగా అడిగింది. జరిగింది జరిగినట్టు చెప్పాను. ఆవిడ కేకలేసినా బాగుండేది. తన తెల్లబూట్ల వంక చూసుకుని, "అయితే సామాన్లు ప్యాక్ చేసుకోమంటావా?" అంది. బ్రీఫ్‌కేసు పట్టుకుని నిలబడ్డాను, ఇంటివాడికి అద్దె బాకీపడ్డవాడిలా.

కొన్ని వారాలకు తీర్పు వచ్చింది. ఆంటీ గెలిచింది. నేను ఎగిరి గంతేసి, చివరి పేరా చదివి నేలకు దిగాను. ఏ పాయింటు మీద ఈ కేసు గెలిచిందో, దాన్ని ఆవిడ లాయరు కాగితాల్లోనూ ఎత్తలేదు, నోటితోనూ ఎత్తలేదు, మేమే వెతుక్కోవలసి వచ్చిందని ఆ ఇద్దరు జడ్జీలూ మర్యాదగా రాశారు.

ఆ ఆదివారం చర్చిలో, దేవుడు చేసిన మేలుకు సాక్ష్యం చెప్పమంటే ఆంటీ లేచింది. నన్ను కూడా పిలిచారు, వెనక వరసలో కూర్చున్నాను.

"దేవుడు ఎంత గొప్పవాడంటే" అంది ఆవిడ కళ్లు తుడుచుకుంటూ, "మా లాయరు బాబు అడ్డం పడినా కూడా నన్ను గెలిపించాడు."

అందరూ ఆమెన్ అన్నారు. కోవెలలో తప్ప చేతులు జోడించి ఎరగని నేనూ ఆమెన్ అన్నాను.

కనుక, నిండు మనసుతో, ఎవరి బలవంతమూ లేకుండా ప్రమాణం చేస్తున్నాను. ట్రైన్‌లో గానీ, బస్సులో గానీ, లిఫ్టులో గానీ, పేరు తెలియని మనిషి దగ్గర ఏ జడ్జి పుట్టుపూర్వోత్తరాలూ విప్పను. పేరు తెలిసిన మనిషైతే, ముందు ఆయన జీవితచరిత్ర ఆయన నోటనే విని, ఒక్క ముక్క కూడా దిద్దను.