బావను పిలవని రాములవారి పెళ్లి

మొన్న శ్రీరామనవమికి వారం ముందు మా సెంటినరీ కాలనీ యువకులు ఇంటికి వచ్చి, రాములవారి పెళ్లి ఊరేగింపులో ఏ పాటలు పెట్టాలో పెద్దవాడిగా చెప్పమన్నారు. మీకు తోచినవి పెట్టుకోండని పంపేశాను గానీ, ఆ పూటంతా నా మనసు మనసులో లేదు. ఒకప్పుడు ఆ ఎంపిక నేనే చేసి, మా బావ మనసు విరిచాను. తెలియక చేసిన తప్పు కాదది.

ఆయన మా పెద్దక్క భర్త. గనిలో బొగ్గు నింపే పనికి నన్ను వెంట తీసుకెళ్లింది ఆయనే. పొద్దుటి షిఫ్టు దిగి, స్నానం చేసి, క్వార్టరు ముందు మంచం మీద కూర్చుని సన్నాయి ఊదుతుంటే ఆ వరుసలో ఆడవాళ్లు పొయ్యి మీది కూర మరిచిపోయేవాళ్లు. నవమినాడు సీతమ్మ తరఫువాళ్లు రాములవారి పల్లకీకి ఎదురెళ్లి తీసుకొచ్చే ఎదురుకోళ్ల వేడుక ఆయన సన్నాయి లేనిదే కదిలేది కాదు. అందుకు ముందుగా ఉత్సవ కమిటీ పెద్ద ఆయన ఇంటికి వెళ్లి, బొట్టు పెట్టి, తాంబూలం ఇచ్చి పిలవాలి. అది మా దగ్గరి మర్యాద.

రిటైరయ్యేనాటికి బొగ్గుధూళి ఆయన ఊపిరిని తినేసింది. నేను కమిటీ పెద్దనైన మొదటి ఏడు, పాట మధ్యలో ఆయన రెండుసార్లు ఆగిపోతే వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. ఆ నవ్వును ఆయన పట్టించుకోలేదు, నేను పట్టించుకున్నాను. మరుసటి ఏడు గోదావరిఖని నుంచి సౌండు బాక్సుల వ్యాను మాట్లాడి, ఆయనకు తాంబూలం తీసుకెళ్లడం మానేశాను. పిలుపు రాకపోతే ఆయనే అర్థం చేసుకుంటాడులే అనుకున్నాను.

ఆయన వచ్చాడు. ఉతికిన తెల్ల పంచె, భుజాన కండువా, చంకలో గుడ్డ చుట్టిన సన్నాయి.

"ఏందన్నా, రాముని కంటె నువ్వే పెండ్లికొడుకు లెక్కున్నవ్?" అని పొరుగింటామె నవ్వింది.

"రాముడన్న ఆగుతడు గని మీ వదినె ఆగుతదా? జల్ది పో, జల్ది పో అని తోలింది!"

అంతలో వ్యాను మోగింది. ఆయన దాన్ని చూసి, నన్ను చూశాడు.

"గిదేంది బామ్మర్దీ?"

"నీకు ఊపిరి ఆడుతలేదు గద బావా, నీ కోసమే..."

"ఊపిరి నాది. యాడ ఆపాల్నో నాకెర్క. వద్దనుకుంటె ఒక్క మాట చెప్పరాదు?"

అని వెనక్కి తిరిగి వెళ్లిపోయాడు. నేను వ్యాను ముందు నడుస్తూనే ఉన్నాను.

సాయంత్రం వాళ్లింటికి వెళితే అక్క తిట్టలేదు. "పిలుపు రాలేదు, పోకు అని నేనంటిరా తమ్మీ. నా బామ్మర్ది చేసే పెండ్లికి నన్ను బొట్టు పెట్టి పిలుసుడేంది అన్నడు," అంది. లోపలికి అడుగు పెట్టే ధైర్యం లేక గడప దగ్గరి నుంచే వచ్చేశాను.

మర్నాడు పట్టాభిషేకం. ఆ సాయంత్రం మళ్లీ ఊరేగింపు ఉంటుంది. తెల్లవారగానే కమిటీవాళ్లందరినీ వెంటబెట్టుకుని వెళ్లి, బావకు బొట్టు పెట్టి, నీ ఆరోగ్యం కోసం కాదు బావా, ఆ నవ్వుకు నేను సిగ్గుపడ్డానని అందరి ముందూ ఒప్పుకున్నాను. ఆయన నా వెనక వీధిలోకి చూశాడు.

"వ్యాను వస్తదా?"

"రాదు బావా."

తాంబూలం అందుకున్నాడు.

ఆ సాయంత్రం క్వార్టర్ల నాలుగో వరుస దాటకముందే ఆయనకు ఊపిరి అందలేదు. నేను చెయ్యెత్తి పల్లకీని ఆపాను. మోసేవాళ్లు బరువు భుజాల మీదే ఉంచుకుని నిలబడ్డారు. ఎవరూ నవ్వలేదు. ఆయన దమ్ము తీసుకుని మళ్లీ ఊదేదాకా ఆగి, అప్పుడు కదిలాం.

మరుసటి నవమికి ఆయన లేడు. ఇప్పుడు రాములవారు ట్రాక్టరు మీద వెళుతున్నారు, పాట ఎక్కడా తెగదు, కాలనీ అంతా తిరిగి రావడానికి ఎంతోసేపు పట్టదు. ఆ ఒక్క సాయంత్రం మాత్రం పట్టాభిషిక్తుడైన రాజును నడివీధిలో ఏడుసార్లు నిలబెట్టాను. బావ కోసం నేను చేయగలిగింది అంతే.